అకుతోభయుడి నంబరు ప్లేటు

మంగళవారం పొద్దున ఈశ్వరయ్య వేసుకున్న పథకం చాలా చిన్నది. నాలుగు ఇడ్లీలు తినాలి. చిన్న రోడ్ల మీదుగా ఆఫీసుకి వెళ్ళాలి. తొమ్మిదింటికల్లా డైరెక్టర్ కోవాల్స్కీ గది తలుపు తట్టి, "మేడమ్, మన బ్రేకులో లోపం ఉంది" అని చెప్పాలి. మొదటి రెండు పనులూ ఆయన రోజూ చేస్తూనే ఉన్నాడు. మూడోదే ఆరు వారాలుగా రేపటికి వాయిదా పడుతోంది.

ఈశ్వరయ్య మిషిగన్ రాష్ట్రం ట్రాయ్‌లో, కార్ల కంపెనీలకి బ్రేకులు తయారుచేసి ఇచ్చే ఒక సంస్థలో ఇంజనీరు. మనిషికీ ఉద్యోగానికీ ఇంత చక్కగా జాతకాలు కలవడం అరుదు. ఏ పనికైనా ముందు బ్రేకు వేసి, తర్వాత ఆలోచించే రకం ఆయన. బ్రేక్‌ఫాస్ట్‌లో కూడా ఆయనకి నచ్చేది బ్రేకే. ఫాస్ట్ అంటే పడదు. ఫ్రీవే ఎక్కడు కాబట్టి పదిహేను నిమిషాల ఆఫీసు ఆయనకి ఏభై నిమిషాల దూరం. పదకొండేళ్ళుగా హెచ్-వన్-బి ఉద్యోగ వీసా మీద ఉన్నాడు. గ్రీన్‌కార్డు వరసలో నిలబడి నిలబడి, పార్కులో పావురానికి కూడా దారి ఇచ్చే స్థితికి వచ్చాడు.

అలాంటి మనిషికి ఒక పెద్ద నిజం తెలిసిపోయింది. ముందున్న బండిని పసిగట్టి, డ్రైవరు కాలు పెట్టకుండానే తనంతట తను పడే బ్రేకు వాళ్ళ కొత్త సరుకు. కారు ముందు భాగంలో ఉండే రాడార్ మీద తడిమంచు పల్చగా పేరుకుంటే ఆ బ్రేకుకి ఏమీ కనబడదు. కనబడటం లేదన్న సంగతి కూడా దానికి తెలియదు. కనిపెట్టింది ఈశ్వరయ్యే. కనిపెట్టి, లోపాల జాబితాలో నలభై ఏడో వరసలో ఇలా రాశాడు: "చిన్న సందేహం. బహుశా నా పొరపాటే కావచ్చు. ఇబ్బందయితే దయచేసి పట్టించుకోవద్దు." ఆఫీసువాళ్ళు మర్యాదస్తులు; ఆయన కోరినట్టే పట్టించుకోలేదు. శుక్రవారం కొనేవాళ్ళు వచ్చి, చూసి, సంతకం పెడితే ఆ బ్రేకు లక్ష కార్లతో రోడ్డెక్కుతుంది. నోరు విప్పితే ఉద్యోగం పోతుందేమో, దాంతో వీసా పోతుందేమో. విప్పకపోతే ఏ మంచురోజున ఎవరి ప్రాణం పోతుందో.

ఇన్ని పోవడాల మధ్య, ఆఫీసుకి పోవడానికి గరాజ్‌లోకి వచ్చిన ఈశ్వరయ్య కారు వెనక చూసి ఆగిపోయాడు. నంబరు ప్లేటు మారిపోయింది. ఏ, కె, టి, ఓ, బి, హెచ్, వై అని ఏడు ఇంగ్లీషు అక్షరాలు వరసగా నిలబడి ఆయన్ని చూస్తున్నాయి.

"ప్రసూనా! ఇదేంటిది?"

చేతిలో స్క్రూడ్రైవర్‌తో భార్య జ్ఞానప్రసూన వచ్చింది. ఆవిడ తెలుగు ఎమ్మే. ఆదివారాలు ఊళ్ళో పిల్లలకి తెలుగు చెబుతుంది. మిగతా వారాలు మొగుడికి చెబుతుంది.

"బర్త్‌డే గిఫ్టండీ. అకుతోభయ. సెవెన్ లెటర్సే ఇస్తారట, అందుకని కాస్త కుదించాను."

"ఆకుతో భయమా? ఫాల్‌లో రాలిన తడి ఆకుల మీద టైర్లు జారతాయని స్లోగా పోతాను, నిజమే. అది ఊరందరికీ తెలియాలా?"

"ఆకు కాదు మహాప్రభో, అకు! కుతః అంటే ఎక్కడినుంచి అని. ఎక్కడినుంచీ, ఏ దిక్కునుంచీ భయం లేనివాడు అకుతోభయుడు. నిఘంటువులో నిద్రపోతున్న మాట. నేనే లేపి తీసుకొచ్చాను."

పన్నెండేళ్ళ కూతురు సంహిత పాలు పోసుకున్న సీరియల్ గిన్నెతో తొంగిచూసింది. "అమ్మా, సెంటెన్స్‌లో యూజ్ చెయ్."

"మీ నాన్న అకుతోభయుడు కాడు."

"ఓకే. ఇప్పుడు అర్థం అయింది."

ఈశ్వరయ్య గొంతు తగ్గించాడు. "ఎవరన్నా మీనింగ్ అడిగితే నా పరువేం కాను?"

"ఫియర్‌లెస్ అని పెడితే అడుగుతారు, నవ్వుతారు. అందుకే ఎవరికీ తెలియని మాట ఏరి పెట్టాను. మీరొక్కరే చూసుకోండి. రోజూ కళ్ళబడితే కొంతైనా ఒంటబడుతుంది. పాత ప్లేటు కోసం వెతక్కండి, అది ఇప్పుడు ఇల్లీగల్."

ఇల్లీగల్ అన్న మాట చెవినబడగానే ఈశ్వరయ్య నోరు మూసుకుని కారెక్కాడు.

ప్రసూన లెక్క తప్పింది ఇక్కడే. మనవాళ్ళు తెలియని మాట కనబడితే తెలిసినట్టు తలూపి ముందుకెళ్ళిపోతారు. అమెరికావాళ్ళు ఆపి మరీ అడుగుతారు.

మొదట ఆపింది పోలీసు. వెనక ఎర్రదీపాలూ నీలందీపాలూ వెలిగేసరికి ఈశ్వరయ్య ఒంట్లోని దీపాలన్నీ ఆరిపోయాయి. అద్దం దించాడు.

"తప్పేం చేయలేదు సార్," అన్నాడు పోలీసు తన ఇంగ్లీషులో. "నలభై ఐదు మైళ్ళ వేగంతో వెళ్ళాల్సిన రోడ్డు మీద ఇరవై ఎనిమిదిలో వెళ్తున్నారు. ఒంట్లో బాగాలేదేమోనని ఆపాను. ఇంతకీ ఆ ప్లేటుకి అర్థం ఏంటి?"

ఈశ్వరయ్యకి నిజం చెప్పడానికి భయమే. పోలీసుకి అబద్ధం చెప్పడానికి ఇంకా భయం. "ఫియర్‌లెస్, సర్. ఫ్రమ్ ఆల్ సైడ్స్."

పోలీసు ఒకసారి ప్లేటునీ, ఒకసారి స్టీరింగు మీద వణుకుతున్న పది వేళ్ళనీ చూసి, దగ్గు వచ్చినట్టు మొహం పక్కకి తిప్పుకుని వెళ్ళిపోయాడు.

ఈ ఆలస్యంతో ఆఫీసు పార్కింగ్ నిండిపోయింది. మిగిలిన ఒక్క చోటూ డైరెక్టర్ కోవాల్స్కీ కారు పక్కదే. ఆవిడ అప్పుడే దిగుతోంది. ఆరడుగుల మనిషి. ఆవిడ నడిచొస్తుంటే మీటింగు గదుల్లో కుర్చీలు వాటంతటవే సర్దుకుంటాయని ఆఫీసులో చెప్పుకుంటారు.

"ఈష్! ఏంటా మాట?"

ఈశ్వరయ్య నోటిదాకా వచ్చింది బ్రేకు సంగతి. ఆవిడ అడిగింది ప్లేటు సంగతి. వచ్చింది మింగేసి, అడిగింది చెప్పాడు. అక్కడితో ఆగేదే. కానీ పక్కనే కాఫీ తాగుతున్న సహోద్యోగి, నల్గొండ శ్రేయాస్ అందుకున్నాడు.

"మేడమ్, అది మామూలు వర్డ్ కాదు, టైటిల్! మా దగ్గర రాజులకిస్తుండిరి!" అని, ఈశ్వరయ్య చెవిలో, "అన్నా, నువ్వు పరేషాన్ గాకు. బిల్డప్ నేనిస్త," అన్నాడు.

కోవాల్స్కీ కళ్ళు మెరిశాయి. శుక్రవారం కొనేవాళ్ళ ముందు కారు నడపాల్సిన డ్రైవరు స్కీయింగ్‌కి వెళ్ళి కాలు విరగ్గొట్టుకున్నాడు. నలభై మైళ్ళ వేగంతో, పరీక్ష కోసం స్పాంజితో చేసిన ఉత్తుత్తి కారు మీదికి పోతూ, బ్రేకు మీద కాలు పెట్టకుండా కూర్చునే మనిషి కావాలి. మనిషి నమ్మి కూర్చుంటేనే కదా కొనేవాళ్ళు నమ్మేది! ఇద్దరిని అడిగితే ఇద్దరూ కుదరదన్నారు.

"నాకు కావలసింది నువ్వే, ఈష్!"

కుదరదనడానికి ఈశ్వరయ్యకి భయం. అందుకని సరేనన్నాడు.

మధ్యాహ్నానికి, శుక్రవారం నడిపేది అకుతోభయుడేనని ఆఫీసంతా మెయిల్ వెళ్ళింది. శ్రేయాస్ ప్లేటు ఫొటో తీసి ట్రాయ్ తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపులో పెట్టాడు. అభినందనలు కుప్పలుగా వచ్చాయి, ఒకాయన మాత్రం "ఈ గుడి ఎక్కడుందండీ?" అని అడిగాడు. సాయంత్రానికి పక్క వీధి కృపావరం గుమ్మంలో నిలబడ్డాడు. నరసాపురం మనిషి, తెలుగు చర్చిలో పాటలు పాడిస్తాడు.

"బ్రదర్, మా ఇంటి అటక మీద రకూన్ దూరిందండీ. మూడ్రోజుల్నుంచి ప్రేయర్ చేస్తన్నాం. మేం ఆమెన్ అన్నప్పుడల్లా అది గుర్రుమంటంది. ఇవాళ మీ ప్లేటు చూశాక అర్థమైంది, ఆన్సర్ వచ్చిందని."

పొరుగువాడికి కాదని చెప్పే ధైర్యం ఈశ్వరయ్యకి ఎక్కడిది? నిచ్చెన ఎక్కి అటకలోకి తల పెట్టాడు. మూరెడు దూరంలో బలిసిన పిల్లంత జంతువు, నల్ల గంతలు కట్టినట్టున్న మొహంతో, ఆయన్నే చూస్తోంది. అరుద్దామంటే గొంతు రాలేదు, దిగుదామంటే కాలు రాలేదు. రెప్ప వేయడానికి కూడా భయమేసి, అలాగే కొయ్యబారిపోయాడు. అరవని, కర్ర విసరని మనిషిని ఆ రకూన్ ఎన్నడూ చూసి ఉండదు. ఐదు నిమిషాలకి దానికే గుండె జారింది. వచ్చిన కంతలోంచే బయటికి దూకి పారిపోయింది.

"చూశారా!" అంది కింద కృపావరం భార్య నవోమి. "ఒక్క మాటైనా అన్లేదు! ఉట్టి చూపుతోనే పంపేశారు!"

దాంతో ఈశ్వరయ్య కీర్తి అటకెక్కింది. మామూలుగా అటకెక్కడమంటే మూలపడటం, ఈయన విషయంలో మాత్రం అక్కణ్ణుంచే ఊరంతా పాకింది. గురువారానికల్లా ఒకరు ఆయన్ని కందిరీగల తుట్టెకి పిలిచారు, ఇంకొకరు అత్తగారితో మాట్లాడిపెట్టమన్నారు.

గురువారం సాయంత్రం ఈశ్వరయ్య వంటింట్లో స్టూలు మీద కూలబడి, నలభై ఏడో వరస సంగతి మొదటిసారి ప్రసూనకి చెప్పాడు. ఆవిడ పోపు ఆపేసి మొత్తం వింది.

"మీ భయం ఉద్యోగం గురించా, రోడ్డు మీది మనుషుల గురించా?"

"రెండూనూ."

"ఏది పెద్దది?"

ఈశ్వరయ్య లేచి కిటికీ దగ్గరికి వెళ్ళి, రోడ్డు మీద పోతున్న కార్లని చూశాడు. ఆవిడ పొయ్యి మళ్ళీ వెలిగించింది.

శుక్రవారం పొద్దున, పిలిచినట్టుగా, తడిమంచు మొదలైంది. పరీక్షల మైదానంలో పొడవాటి రోడ్డు, దాని చివర స్పాంజి కారు. ఈశ్వరయ్య స్టీరింగు ముందు కూర్చున్నాడు. పక్క సీట్లో, చేతిలో కాఫీ కప్పుతో, కొనేవాళ్ళ తరఫు పెద్దాయన, తెల్ల మీసాల ఆసామి. వెనక కోవాల్స్కీ. టెంటు కింద ఓ ఇరవైమంది ఇంజనీర్లు, మధ్యలో ఫోను ఎత్తిపట్టుకుని శ్రేయాస్.

"రిలాక్స్, ఈష్. అది స్పాంజి. గుద్దుకున్నా ఏమీ కాదు," అంది కోవాల్స్కీ.

కారు కదిలింది. ఇరవై, ముప్ఫై, నలభై. స్పాంజి కారు పెద్దదవుతోంది. హెచ్చరిక దీపం వెలగాల్సిన చోటు రాగానే ఈశ్వరయ్య అటు చూశాడు. దీపం లేదు, మోత లేదు, బ్రేకూ లేదు. స్పాంజి సరే, బయట రోడ్డు మీద ముందుండేది స్పాంజి కాదు కదా! ఆ ఆలోచన పూర్తయ్యేలోపే ఆయన కుడికాలు, ఎవరి అనుమతీ అడక్కుండా, బ్రేకుని నేలదాకా తొక్కేసింది. స్పాంజి కారుకి అడుగు దూరంలో బండి ఆగింది. పెద్దాయన మీసాలకి పట్టిన కాఫీ కిందికి కారుతోంది.

"బ్రేకు ఎందుకు తొక్కావు?" అంది కోవాల్స్కీ, ఒక్కో మాటా విడగొట్టి. అద్దం దించి, మైదానంలో పనివాడికి కేకేసింది. "ముందు భాగమంతా శుభ్రంగా తుడిచెయ్! మళ్ళీ చేద్దాం."

పనివాడు గుడ్డ తీసుకుని పరుగున వచ్చాడు. తుడిస్తే రాడార్‌కి కళ్ళొస్తాయి. కళ్ళొస్తే బ్రేకు పడుతుంది, బ్రేకు పడితే సంతకం పడుతుంది. ఆ మూడూ ఒకదాని వెనక ఒకటి ఈశ్వరయ్యకి కనబడ్డాయి. తలుపు తీసుకుని దిగి, కారుకీ గుడ్డకీ మధ్య చేతులు చాచి నిలబడ్డాడు.

"డోంట్ వైప్ ఇట్!"

పదకొండేళ్ళ ఉద్యోగంలో ఆయన నోట వచ్చిన మొదటి 'వద్దు' అది. మైదానం అవతలి చెట్ల దాకా వినబడింది.

"ఈష్?" అంది కోవాల్స్కీ.

"మిషిగన్‌లో ప్రతి కారు ముందూ గుడ్డ పట్టుకుని ఒక మనిషి పరిగెత్తడు, మేడమ్! ఇదే మంచుతో, ఇలాగే, లోపల ఎవరూ లేకుండా రోబోతో నడపండి. నేను తప్పయితే ఇవాళే నన్ను ఇంటికి పంపించండి."

పనివాడు పక్కనుంచి రాబోతే ఆయనా అటే జరిగాడు. చాచిన చేతులు దిగలేదు.

"నడపండి," అన్నాడు తెల్ల మీసాల పెద్దాయన.

అందరూ టెంటు కిందికి చేరారు. ఖాళీ కారు కదిలింది. ఇరవై, ముప్ఫై, నలభై. అదే వేగంతో, ఏ మొహమాటమూ లేకుండా, నేరుగా వెళ్ళి స్పాంజి కారులోంచి దూసుకుపోయింది. డిక్కీ ఒకవైపు, తలుపులు ఇంకోవైపు లేచాయి. ఒక చక్రం దొర్లుకుంటూ వచ్చి కోవాల్స్కీ బూటు దగ్గర పడుకుంది. శ్రేయాస్ అక్కడికక్కడే గ్రూపులో పెట్టాడు: "బ్రేకింగ్ న్యూస్! బ్రేక్ వడలే! అన్న గెలిచిండు!"

కోవాల్స్కీ లోపాల జాబితా తెప్పించుకుంది. నలభై ఏడో వరస బయటికి చదివింది. పట్టించుకోనక్కర్లేదని దాన్ని మూసేసినవాళ్ళ పొడి అక్షరాలు చూసింది. అవి ఆవిడవే. అవి కూడా బయటికి చదివింది; ఆ మాత్రం నిజాయితీ ఉన్న మనిషే ఆవిడ.

"ఇది నాకు గట్టిగా ఎందుకు చెప్పలేదు, ఈష్?"

"భయమేసింది, మేడమ్."

"మరి ఇవాళ?"

"ఇవాళ ఇంకా ఎక్కువ భయమేసింది."

పెద్దాయన మీసాలు తుడుచుకుని, జేబులోంచి తీసిన పెన్ను మళ్ళీ జేబులోనే పెట్టేశాడు. "బ్రేకు బాగుచేయండి. మళ్ళీ వస్తాను. కానీ వచ్చే ముందు ఈయన ఆ కార్లో కూర్చుని, నాకిప్పుడు భయం లేదు అని రాసి సంతకం పెట్టాలి. ఆ కాగితం చూశాకే నా సంతకం." ఈశ్వరయ్య చెయ్యి పట్టుకుని గట్టిగా ఊపాడు. ఇరవైమంది ఇంజనీర్లూ చప్పట్లు కొట్టారు. అందరికంటే గట్టిగా కొట్టింది, నలభై ఎనిమిది నుంచి అరవై దాకా వరసలు రాసినవాళ్ళు.

సోమవారం నుంచి ఈశ్వరయ్యకి కొత్త గది, తలుపు మీద కొత్త హోదా. ఏ సరుకు బయటికి పోవాలన్నా ముందు ఆయన దగ్గరికి వస్తుంది. ఆయన దాన్ని చూసి తనివితీరా భయపడి, ఎందుకు భయపడ్డాడో ఈసారి 'దయచేసి'లు లేకుండా రాస్తాడు. భయపడటానికి జీతం పుచ్చుకునే మనిషి ఆ కంపెనీలో ఆయనొక్కడే. తక్కినవాళ్ళందరూ ఉచితంగానే భయపడుతున్నారు.