బుల్లెమ్మ పెరగకూడదు

మనుషులు పెరగడం అనవసరమని నా అభిప్రాయం. ఎత్తు పెరగొచ్చు, కావాలంటే ఒళ్లు కూడా పెరగొచ్చు. వయసు పెరగడానికి మాత్రం చుట్టుపక్కలవాళ్ల అనుమతి ఉండాలి. విజయవాడలో మనం ఆ అనుమతి అంత తేలిగ్గా ఇవ్వం. అందుకు గర్వపడాలి!

రుజువు కావాలా? రామతులసి గారిని చూడండి.

ముప్ఫయ్యేళ్ల కిందట వారం వారం సాయంత్రం ఏడింటికి టీవీలో ఒక సీరియల్ వచ్చేది. అందులో బుల్లెమ్మ అని ఎనిమిదేళ్ల పిల్ల. సవతి తల్లి అన్నం పెట్టదు, గిన్నెలు తోమిస్తుంది. ఆ పిల్ల కింది పెదవి ముందుకు పెట్టిందంటే కృష్ణా జిల్లా అంతటా పొయ్యి మీద కూరలు మాడిపోయేవి. బుల్లెమ్మకి విషజ్వరం వచ్చిన వారం మా పక్కింటి శౌరమ్మ గారు గుణదల మాత దగ్గరికి నడిచి వెళ్లి కొవ్వొత్తి వెలిగించి వచ్చారు. మరుసటి వారానికి జ్వరం తగ్గింది. ఎవరి వల్లంటారు?

ఆ బుల్లెమ్మే రామతులసి గారు. తర్వాత బాగా చదివి, డాక్టరేట్ చేసి, ఇప్పుడు గన్నవరం దాటాక ఉన్న ఒక బిజినెస్ స్కూల్‌కి డైరెక్టర్ అయ్యారు. అయితే ఏమిటి? మొన్న పేరెంట్స్ మీటింగ్‌లో ప్లేస్‌మెంట్ల మీద నలభై స్లైడ్లు చూపించి, "ప్రశ్నలేమైనా ఉన్నాయాండీ?" అని అడిగారు. ఉయ్యూరు నుంచి వచ్చిన ఒకావిడ మైకు అందుకుంది. "మీ సవతి తల్లి ఇప్పుడైనా బాగా చూసుకుంటోందా అమ్మా?" హాలంతా చప్పట్లు. ఇంత ఆదరణ ఏ డైరెక్టర్‌కి దొరుకుతుంది చెప్పండి?

ఎంబీఏ పిల్లలకి పేరెంట్స్ మీటింగ్ ఏమిటని గొణిగేవాళ్లూ ఉన్నారు. పట్టించుకోకండి. అక్కడ చదివే మా అమ్మాయి మనోజ్ఞకి ఇంకా ఇరవై మూడేళ్లే. రోజూ కారులో నేనే దింపుతాను. దానిమ్మ గింజలు నేనే వొలిచి లంచ్ బాక్సులో పెడతాను. దాని దానిమ్మకాయ అదే వొలుచుకుంటే ఇక తల్లి ఎందుకు?

అలాంటి పిల్లకి హాజరు అరవై ఒక్క శాతమేనని, డెబ్బై ఐదు లేకపోతే ఫైనల్ పరీక్షకి హాల్ టికెట్ ఇవ్వరని కాలేజీ నుంచి మెసేజ్ వచ్చింది. అంటే ఒక ఏడాది పోయినట్టే. ముందు కాఫీ పెట్టుకున్నాను. కాఫీ తాగాక ధైర్యం వచ్చింది. డైరెక్టర్ ఎవరు? మన బుల్లెమ్మ!

శౌరమ్మ గారిని వెంటబెట్టుకుని బయల్దేరాను. ఆవిడకిప్పుడు డెబ్బై నాలుగు. ముద్దపప్పు, ఆవకాయ, నెయ్యి వేసిన అన్నం క్యారేజీలో సర్దుకుని వచ్చారు.

"ముప్ఫయ్యేళ్ల నుంచీ ఆకలితో ఉందమ్మా ఆ పిల్ల," అన్నారు.

మనోజ్ఞని కారులోనే కూర్చోమన్నాను. పెద్దవాళ్లు మాట్లాడుకునే చోట దానికేం పని?

డైరెక్టర్ గారు క్యారేజీ చూసి నవ్వారు. "ఈ వారంలో ఇది మూడోదండీ. తప్పకుండా తింటాను."

"చిక్కిపోయావు బుల్లెమ్మా," అన్నారు శౌరమ్మ గారు. "ఏదీ, ఒక్కసారి ఆ పెదవి ముందుకు పెట్టు. చూసి వెళ్లిపోతాం."

"ఇప్పుడు పెడితే స్టూడెంట్లు నా మాట వినరండీ."

ఇదే సమయమని నేను కొంగుతో కళ్లొత్తుకున్నాను. "చిన్నపిల్లండీ, దానికేం తెలీదు. ఈ ఒక్కసారికి మీరే..." అంటూ గొంతు పూడుకుపోయేలా చేశాను.

ఆవిడ నా వంక శ్రద్ధగా చూశారు. పని తెలిసినవాళ్ల చూపు అది.

"బాగానే ఏడుస్తున్నారండీ. కాకపోతే సీను మీది కాదు. ఎనిమిదేళ్లప్పుడు కూడా నా ఏడుపు నేనే ఏడ్చాను. మా అమ్మ కెమెరా వెనకాల నిలబడేది. మీ అమ్మాయేదీ?"

"కారులో ఉందండీ."

"లోపలికి పంపించండి. మీరిద్దరూ కాసేపు బయట కూర్చోండి."

ఇరవై నిమిషాల తర్వాత మనోజ్ఞ బయటికి వచ్చింది. మొహంలో తడి లేదు. నాకు భయం వేసింది.

"ఏడ్చావా?"

"ఎందుకమ్మా? క్లాసులకి ఎందుకు రాలేదో చెప్పమన్నారు. చెప్పాను."

"ఏం చెప్పావు?"

"ఎండగా ఉందని ఏడు రోజులు, మబ్బు పట్టిందని ఆరు రోజులు, నేను ఏలూరు కాలువలో పడ్డట్టు నీకు కలొచ్చిందని ఒక రోజు నువ్వు మాన్పించావని చెప్పాను. మిగతావి నేను నిద్ర లేవక మానేసినవి. అవీ చెప్పాను."

"అబద్ధం ఆడదమ్మా నీ కూతురు," అని శౌరమ్మ గారు నన్ను మెచ్చుకున్నారు.

హాల్ టికెట్ ఇస్తారట. ఆరు ఆదివారాలు స్పెషల్ క్లాసులకి రావాలట. ఇంకొక షరతు కూడా ఉందట. ఒక్కతే, బస్సులో రావాలట.

ఇదేం న్యాయమండీ? పిల్లలు ఇలా అడ్డూ అదుపూ లేకుండా పెరిగిపోతే దానిమ్మకాయలన్నీ ఏం కావాలి? నేనేం కావాలి?

మొదటి ఆదివారం పొద్దున్నుంచి బాల్కనీలోనే ఉన్నాను. సాయంత్రం మనోజ్ఞ బస్సు దిగి నడిచి వచ్చింది. చేతిలో ఖాళీ క్యారేజీ. డైరెక్టర్ గారు ఇచ్చి పంపారట. శౌరమ్మ గారు గిన్నెలు ఒక్కొక్కటీ విప్పి, తిప్పి తిప్పి చూశారు. తళతళలాడుతున్నాయి.

"చూశావా తల్లీ," అన్నారు బాధగా. "ఆ సవతి తల్లి ఇంకా పిల్లచేత గిన్నెలు తోమిస్తూనే ఉంది."

నేను పడీపడీ నవ్వాను. నవ్వుకుంటూనే వంటింట్లోకి వెళ్లాను. సింకు దగ్గర మనోజ్ఞ తన లంచ్ బాక్సు కడుక్కుంటోంది.

చేతిలోంచి లాక్కోబోయాను. వదల్లేదు.