నడుం లేని బల్ల

ఆ పొద్దున చిన్న టైలరు పెట్టుకున్న పనులు మూడే: రెండు చొక్కాలకు కాజాలు తీయడం, టీ తాగడం, పక్క కొట్టువాణ్ణి తిట్టుకోవడం. పక్క కొట్టువాడు పరాయివాడు కాదు, తోడబుట్టిన అన్న. తండ్రి పోయాక కొట్టు మధ్యలో గోడ లేచింది. గోడకు తండ్రి కటింగ్ బల్ల అడ్డొచ్చింది. దాన్ని నడిమికి కోసి చెరిసగం పట్టుకుపోయారు. కోసిందెవరయ్యా అంటే చిన్న టైలరు గోడవైపు వేలు చూపిస్తాడు. అవతలివాడు ఇటు చూపిస్తాడు. పన్నెండేళ్లుగా మాటల్లేవు, వేళ్లే.

మొదటి కాజా పూర్తికాకముందే అన్న కూతురు వచ్చింది. ఆ పిల్ల సినిమా తీస్తోంది. నిర్మాత లేడు, హీరో లేడు. ఉన్నవల్లా ఒక అరువు కెమెరా, బోలెడు మొండితనం.

"బాబాయ్, తాతయ్య మీద తీస్తున్నా. రేపు నీ సగం బల్ల ఇస్తావా? కెమెరా రేపొక్కరోజే. బల్ల లేకపోతే నా సినిమా లేదు."

"బల్లతో నీకేం పనే?"

"తెరమీద చూద్దువుగా!"

నవ్వుతూ వెళ్లిపోయింది. చిన్న టైలరు సూది పక్కన పడేశాడు. తెరమీద ఏం చూడాలి? కోసిన అంచు! రంపపు గాట్లు! కన్నతండ్రి బల్లను కోసిన కొడుకు వీడేనని పదిమందీ చూడాలి! పిల్లను పంపింది అన్నే, అనుమానం లేదు.

"ఇవ్వనంటే పోయేదిగా?" అంది భార్య.

"ఇవ్వకపోతే తప్పు చేశాననుకోరూ? ఇస్తా. గాట్లు మాత్రం ఉండవు."

"గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టుంది మీ వరస."

వడ్రంగిని పిలిచి అంచుకు చిత్రిక పట్టించాడు. ఇంకో గాటు కనబడింది, మళ్లీ పట్టమన్నాడు. అంచు వంకరపోయింది, కోసి మళ్లీ పట్టమన్నాడు.

"ఇంకా గీకితే పీట మిగులుతుంది సార్," అని వడ్రంగి గోడవైపు చూసి నవ్వాడు. ఆ నవ్వు కూడా చిన్న టైలరుకు నచ్చలేదు.

మర్నాడు ఒక అద్దె గదిలో షూటింగు. పాత అద్దం, దారపు ఉండలు, బొగ్గుల ఇస్త్రీపెట్టె పెట్టి తాత కొట్టును అచ్చంగా దింపేసింది ఆ పిల్ల. అన్న ముందే వచ్చి తన సగం బల్ల పక్కన నిలబడి ఉన్నాడు, మొహం అటు తిప్పుకుని. రెండు ముక్కలూ దగ్గరికి జరిపారు. పిల్ల వంగి చూసి అక్కడే కూలబడింది.

"నడుం ఏది?"

తాత టేపు ఎరగడు. బల్ల అంచున ఆ చివర నుంచి ఈ చివరదాకా అంగుళాలు చెక్కుకుని, మెడ, నడుం, ఛాతీ గుర్తులు పెట్టుకుని, వాటిమీదే గుడ్డ పరిచి కోసేవాడు. సినిమా అంతా ఆ గీతల మీదే. గోడా లేదు, రంపమూ లేదు అందులో. ఇప్పుడు అన్న ముక్కమీద మెడ కొలత ఉంది, తమ్ముడి ముక్కమీద ఛాతీ ఉంది, నడుం చిత్రికపొట్టులో కలిసిపోయింది. రెండు అంచులూ అద్దాల్లా మెరుస్తున్నాయి. వడ్రంగి నవ్వు అర్థం కావడానికి చిన్న టైలరుకు ఇంతసేపు పట్టింది.

"నువ్వూ గీకించావా?" అన్నాడు. పన్నెండేళ్ల తర్వాత మొదటి మాట.

"నేను గీకిస్తే నీకెందుకురా? కోసినవాడివి నువ్వు!"

"రంపం నీ చేతిలో లేదూ?"

"అది ఇద్దరు లాగే రంపంరా వెధవా! రెండో కొస ఎవడు పట్టుకున్నాడు, మన నాన్నా?"

కన్నీళ్లు తుడుచుకుంటూ పిల్ల కెమెరా వెనక్కి ఎప్పుడు చేరిందో ఇద్దరూ చూడలేదు.

"అమ్మాయ్, ఆ ఎర్ర లైటేంటి?"

"ఏం లేదు బాబాయ్. మీరు కానివ్వండి. చాలా బాగా వస్తోంది."

చిన్న టైలరు అన్నవైపు చూశాడు. అన్న తమ్ముడివైపు చూశాడు.

"అన్నయ్యా, ఇది మనల్ని తీసేస్తోంది!"

"ఆ కొస నువ్వు పట్టుకో, ఈ కొస నేను పడతా!"

"నాన్నా, అది అరువుది!" అని పిల్ల అరిచేసరికే, అన్నదమ్ములిద్దరూ కెమెరాను చెరో కొసా పట్టుకుని లాగి, అలవాటైన పని పూర్తి చేశారు: చెరిసగం.