చెట్టుకు సరిపోయే అధ్యక్షుడు

ఒక పెద్ద అడవిలో, అడవిసభ జరిగే బండకు కూతవేటు దూరంలో, జుంటమ్మ అనే ఎలుగుబంటి ఉండేది. ఆమె గుహ ముందు చిన్న పూలతోట. అందులో గన్నేర్లు, నందివర్ధనాలు, వాటన్నిటి మధ్యా ఒక పొన్నచెట్టు. ఆ చెట్టు మీద ఆమెకున్న గర్వం ఇంతా అంతా కాదు. పూత అయిపోయాకే ఎండుపుల్లలు విరిచేది. ఒకదాన్నొకటి ఒరుసుకునే కొమ్మల్ని గోటితో నున్నగా కోసి, కోసిన చోట పేడా మట్టీ మెత్తేది. పొన్న ఏటా విరగబూసేది. ఆ పూలకు తేనెటీగలు వచ్చి గుహ పైన పట్టు పెట్టేవి. జుంటమ్మ ఏడాది తిండి ఆ పూతలోనే ఉంది.

చిక్కల్లా అడవిసభ అధ్యక్షుడు కొండలరావుతో వచ్చింది. కొండలరావు ఏనుగు. సభ ముగిశాక ఇంటికి పోతూ పోతూ ఆ పొన్నకే వీపు రుద్దుకునేవాడు. రుద్దిన చోటల్లా బెరడు లేచిపోయేది. ఇంకొన్నాళ్ళు ఇలాగే సాగితే చెట్టు నిలువునా ఎండిపోతుందని జుంటమ్మకు తెలుసు. కానీ అధ్యక్షులవారిని వద్దనేదెవరు? పిల్లి మెడలో గంట కట్టే బాధ ఎలుకలకే కాదు, ఎలుగులకూ ఉంటుంది.

ధైర్యం తక్కువైన చోట తెలివి ఎక్కువ పనిచేస్తుంది. జుంటమ్మ ఆ చెట్టునే ఏనుగు ఆకారంలో కత్తిరించింది. తొండం పెట్టింది, చెవులు పెట్టింది, బొజ్జ మాత్రం కాస్త తగ్గించింది. తన బొమ్మకు తానే వీపు రుద్దుకునేవాడు ఉండడని ఆమె లెక్క.

లెక్క తప్పలేదు. కొండలరావు ఆ సాయంత్రం చెట్టు ముందు నిలబడి చాలాసేపు కళ్ళు తుడుచుకున్నాడు. మర్నాడు సభ కార్యదర్శి నరసింగం అనే నక్క ఒక తీర్మానం చదివాడు. ఇకమీదట ఈ చెట్టులో తన రూపం లేనివాడు అధ్యక్షుడిగా ప్రమాణం చెయ్యడానికి వీల్లేదు. రూపం మలిచే గౌరవం జుంటమ్మది. అందరూ చప్పట్లు కొట్టి ఆమెకు శాలువా కప్పారు. ఒంటినిండా బొచ్చు, పైగా ఎండాకాలం, అయినా కప్పించుకుంది.

పై ఏడు పొన్న మొగ్గ తొడిగే వేళకు కొండలరావు పదవి ఊడింది. ఎందుకు ఊడిందో ఎవరికీ సరిగ్గా తెలియదు. అంతకుముందు నరసింగం అందరి గూళ్ళకూ గుహలకూ వెళ్ళొచ్చాడని మాత్రం తెలుసు. రంకెలయ్య అనే అడవిదున్న గెలిచాడు. తొండం తీసేసి కొమ్ములు పెట్టమని జుంటమ్మకు కబురొచ్చింది. మొగ్గలతో సహా కొట్టెయ్యాల్సి వచ్చింది. ఆ ఏడు తేనె లేదు. మరుసటేడు దున్న దిగాడు, అడవిపంది గద్దె ఎక్కాడు. మళ్ళీ మొగ్గల మీదే కోత. జుంటమ్మ పాత పట్టులోని మైనం నాకుతూ, మూల పడేసిన శాలువాను చూసి ఏడ్చింది.

పంది కూడా దిగాక కొండలరావు మళ్ళీ పోటీకి వచ్చాడు. నరసింగం ఒప్పుకోలేదు. చెట్టు పందంత అయిపోయింది, అందులో ఏనుగు ఎలా పడుతుందన్నాడు. కోసిన కొమ్మ మళ్ళీ అతుక్కోదు కదా అన్నాడు.

"చెట్టును పెంచడం సభ చేతిలో లేదు. అభ్యర్థిని తగ్గించడం మన చేతిలో పనే."

సభకు ఇది చాలా సబబుగా తోచింది. దుప్పి కొమ్ముల వల్ల తప్పుకుంది. కుందేలు సరిపోయేదే గానీ, నరసింగం ఒకసారి దానివైపు చూసేసరికి దానికి ఇంటి దగ్గర పని గుర్తొచ్చింది. చివరికి నరసింగమే మిగిలాడు. అప్పుడు తట్టింది జుంటమ్మకు. చెట్టు బాగోగులు చూడ్డానికని ఈ నక్క రోజూ సాయంత్రం వచ్చి, ఎవరూ చూడట్లేదనుకుని తోకతో దాన్ని కొలుచుకుపోయింది ఇందుకే.

ప్రమాణానికి ముందురోజు నరసింగం తన కొలతలు చెప్పడానికి వచ్చాడు. తోక కాస్త గుబురుగా రావాలన్నాడు.

"నేను దిగే మాట ఉండదక్కా. ఇక నువ్వు ఏటా మొగ్గ రాగానే ఒకసారి చెక్కి సరిచేస్తే చాలు."

ఆ మాట జుంటమ్మ గుండెల్లో ముల్లులా దిగింది. అలాగే తమ్ముడూ అని పంపించి పనిలోకి దిగింది. గుబురు తోక మొదట తీసింది. తర్వాత చెవులు, మూతి, కాళ్ళు. ఒక్కో కొమ్మా తెగి పడుతున్నా ఆగలేదు. చిగురు వేసే కణుపులు మాత్రం జాగ్రత్తగా ఉంచి, నేలకు ఆనుకుని గుండ్రటి ఆకుల కుప్ప ఒక్కటే మిగిల్చింది. కోసిన చోటల్లా పేడ మెత్తింది. పేడ మాజీ అధ్యక్షుడు రంకెలయ్యగారిది. ఆయన పదవిలో ఉన్నా దిగినా చెట్టుకు జరిగిన మేలు అదొక్కటే.

తెల్లారి సభంతా వచ్చింది. నరసింగం ఆ కుప్పను చూసి నోరు తెరిచాడు. గోరు జారింది తమ్ముడూ అని జుంటమ్మ నొచ్చుకుంది. నక్క రూపం చెట్టులో లేదు, కాబట్టి నక్క ప్రమాణం చెయ్యడానికి లేదు. తీర్మానం అతను చదివిందే. సభ్యులు ఆ కుప్పను అటు తిరిగి ఇటు తిరిగి చూశారు. దాని పక్కనే నీడలో శాంతయ్య అనే ముసలి తాబేలు నిద్రపోతున్నాడు. అచ్చుగుద్దినట్టు అదే ఆకారం. లేపి ప్రమాణం చేయించారు.

జుంటమ్మ ఆ ఆకారాన్ని ఊరికే ఎంచుకోలేదు. తాబేలుకు ఆయుష్షు ఎక్కువ, ఆ కుప్పలో నక్క పట్టడు, కాబట్టి అంత తొందరగా ఎన్నికలు రావు. పైగా శాంతయ్య ఎవరు ఏ అర్జీ పట్టుకొచ్చినా తల లోపలికి లాక్కుంటాడు. చెట్టు చిగురించి అధ్యక్షులవారి రూపం చెడిపోతోంది, కోయించాలని నరసింగం ఎన్నోసార్లు విన్నవించుకున్నాడు. చూద్దాం అని డిప్పలోంచి వినపడేది. ఆయన చూసేలోగా ఏళ్ళు గడిచాయి, చెట్టు ఏనుగెత్తు లేచింది. విరగబూసింది. తేనెటీగలు వచ్చాయి.

తేనెటీగల వెనకాలే, ఒక సాయంత్రం, కొండలరావూ వచ్చాడు. చెట్టులో ఇప్పుడు ఎవరి బొమ్మా లేదు. అతను అలవాటు కొద్దీ వెనక్కి తిరిగి, వీపును చెట్టు దగ్గరికి తెచ్చాడు.

జుంటమ్మకు పై ప్రాణాలు పైనే పోయాయి. పరుగెత్తి చెట్టుకు అడ్డంగా నిలబడింది.

"ఇక్కడ రుద్దుకోకండి బాబుగారూ. బెరడు లేచిపోతుంది. వాగు పక్కన గరుకు బండ ఉంది, దానికి రుద్దుకోండి."

కొండలరావు ఆగాడు. "వాగు పక్కన బండ ఉందా? ఎప్పట్నించి?"

"ఎప్పట్నించో ఉంది."

"మరి ఆనాడే చెప్పకపోయావా జుంటమ్మా? అక్కడికే పోయేవాణ్ణి కదా," అని చెవులు ఊపుకుంటూ వాగువైపు నడిచాడు.

నీతి: పెద్దల వీపు దురదపెడితే బండ చూపించాలి గాని, బొమ్మ చెక్కితే ఏటా ఎన్నికలొస్తాయి.