మూడో కిడ్నీ చిరునామా

ఒక మనిషి ఒంట్లో ఇంకొక మనిషి కిడ్నీ పెట్టాలంటే ముందుగా జరగవలసిన పనులు ఇవి. కిడ్నీ ఇచ్చే మనిషి దొరకాలి. ఇద్దరి రక్తాలూ కలవాలి. పుచ్చు పళ్లు లేవని పళ్ల డాక్టరు సంతకం పెట్టాలి. ఇచ్చే మనిషి ఎవరి బలవంతమూ లేకుండానే ఇస్తున్నాడని, పుచ్చుకునే మనిషికి బతకడం ఇష్టమేనని ఒక మనస్తత్వ నిపుణురాలు రాసివ్వాలి. ఆపరేషన్ గది ఖాళీగా ఉండాలి. సర్జను చేతులు కడుక్కోవాలి. ఇవన్నీ అయ్యాక, అమెరికాలోని ఈరీ నగరంలో, సరస్సు వైపు కిటికీలున్న ఒక భవనం మూడో అంతస్తులో, ఒక విశేషణానికి అర్థమేమిటో తేలాలి.

మానవ శరీరంలో అతి ముఖ్యమైన అవయవం విశేషణమే. గ్రే హెరాన్ ఆరోగ్య బీమా సంస్థ ఈ సత్యాన్ని వైద్యశాస్త్రం కన్నా ముందే కనిపెట్టింది. ఖర్చంతా విశేషణాల్లోనే దాక్కుని ఉంటుందని ఆ సంస్థ పెద్దలు పరిశోధించి తేల్చారు. "ఆపరేషన్" అనేది ఒట్టి నామవాచకం, దానివల్ల ఎవరికీ హాని లేదు. దాని ముందు ఇంకో మాట వచ్చి నిలబడిందంటే మాత్రం ఎవరో ఏదో అదనంగా అడుగుతున్నట్టే లెక్క. అందుకని నామవాచకాలన్నిటికీ ఒకేసారి ఆమోదం ఇచ్చేసి, విశేషణాల కోసం ప్రత్యేకంగా ఒక విభాగం తెరిచారు. (క్రియలకు కూడా ఒకటి తెరవాలనుకున్నారు గానీ, క్రియలు ఆస్పత్రివాళ్లు చేసేవనీ సంస్థ చేసేది ఏమీ లేదనీ తెలిసి విరమించుకున్నారు.)

ఆ విభాగంలో అర్థనిర్ణయ సహాయకురాలు టెస్ విట్కో. వాళ్ల ఇంట్లో కాలేజీ గుమ్మం తొక్కిన మొదటి మనిషి ఆమే. తండ్రి ఇనుము పోతపోసే కర్మాగారంలో పనిచేసి, మోకాళ్లు అక్కడే వదిలేసి ఇంటికొచ్చాడు. శుక్రవారం చర్చి హాల్లో చేపల వేపుడు తింటూ ఎవరైనా "మీ అమ్మాయి ఏం చేస్తోంది?" అని అడిగితే, "విశేషణాలు చూస్తోంది" అని గర్వంగా చెప్పేవాడు. అడిగినవాళ్లకు అర్థమయ్యేది కాదు. "నీడపట్టున కూర్చునే పనేనా?" అని అడిగి, అవునంటే సంతోషించేవారు.

పని కష్టమైనదేమీ కాదు. ఏ విశేషణం వచ్చినా ముందు దాని అర్థం రాయాలి. ఆ తర్వాత మూడు ప్రశ్నలు వేయాలి. ఇది అవసరమా? ఇంతకన్నా చవకైన విశేషణం ఉందా? పోనీ, అసలు లేకుండా బతకవచ్చా? టెస్ ఈ పనిని శ్రద్ధగా చేసేది. ఇచ్చిన పనిని శ్రద్ధగా చేస్తే ఎవరికీ చెడు జరగదని వాళ్ల ఇంట్లో నమ్మకం.

అక్టోబరు చివర్లో ఆమె దగ్గరికి లొరెయిన్ డుడెక్ ఫైలు వచ్చింది. లొరెయిన్ స్కూలు బస్సు నడిపేది. కిడ్నీలు రెండూ పనిచేయడం మానేశాక బస్సు మానేసి, రోజు విడిచి రోజు రక్తం కడిగే యంత్రం పక్కన కుర్చీలో కూర్చుంటోంది. తమ్ముడు జీన్ తన కిడ్నీ ఒకటి ఇస్తానన్నాడు. జీన్ జిల్లా రోడ్ల మీద మంచు తోసే బండి నడుపుతాడు. కిడ్నీ ఇచ్చినవాడు కొన్ని వారాలపాటు బరువులెత్తకూడదు, కుదుపుల బండి ఎక్కకూడదు. ఈరీలో మంచు మొదలైందంటే ఏప్రిల్ దాకా జీన్‌కు బండి దిగే వీలుండదు. అందుకని నవంబరు మొదటి గురువారానికి ఆపరేషన్ కుదుర్చుకున్నారు. అది తప్పితే మళ్లీ వసంతమే. వసంతం దాకా లొరెయిన్ ఆగగలదా అని అడిగితే డాక్టర్లు "చూద్దాం" అన్నారు. (డాక్టరు నోటి వెంట ఈ మాట వచ్చిన రోజు ఇంట్లో ఎవరూ సరిగ్గా అన్నం తినరు.)

ఫైల్లో "హెటెరోటోపిక్ కిడ్నీ మార్పిడి" అని ఉంది. మామూలుగా ఆ మొదటి మాట ఎవరూ రాయరు. "కిడ్నీ మార్పిడి" అంటే చాలు, ఆ వృత్తిలో ఉన్నవాళ్లకు మిగతాది తెలుసు. ఆస్పత్రిలో కొత్తగా చేరిన ఒక చిన్న డాక్టరు, పుస్తకంలో ఎలా ఉందో అలా పూర్తి పేరు రాశాడు. చదువుకున్నది చదువుకున్నట్టు రాయడం ప్రమాదకరమని అతనికి ఎవరూ చెప్పలేదు.

టెస్ కూడా చదువుకున్నది చదువుకున్నట్టే రాసింది. "హెటెరోటోపిక్: సహజమైన తన చోట కాక వేరొక చోట అమర్చినది." రాసి పైకి పంపింది. కాసేపటికి విభాగాధిపతి క్లిఫర్డ్ మంక్ గాజు గది తలుపు తీసి పిలిచాడు. మంక్ ఈ సంస్థకు రాకముందు జీవితమంతా కార్ల బీమాలో గడిపాడు.

"టెస్, ఇదేంటి? కిడ్నీని దాని చోట పెట్టరా?"

"పెట్టరండీ. కింద తుంటి దగ్గర, పొట్ట వైపు పెడతారట."

"కారు హెడ్‌లైటు పగిలిందనుకో, కొత్తది ఎక్కడ బిగిస్తారు?"

"హెడ్‌లైటు ఉన్న చోటేనండీ."

"డిక్కీలో బిగించి మనకు బిల్లు పంపితే?"

"ఇవ్వమండీ."

"మరి?" అన్నాడు మంక్, వైద్యశాస్త్రం అంతటితో పూర్తయినట్టు. అంతలోనే ఇంకో అనుమానం వచ్చింది. "పాతవి ఏమవుతాయి?"

"అక్కడే ఉంటాయండీ. ఊరికే కోసి తీయడమెందుకని వదిలేస్తారు."

"రెండూనా?"

"రెండూ."

మంక్ చేతివేళ్లు ముడిచి లెక్కపెట్టాడు. నమ్మకం కుదరక రెండో చేత్తో కూడా లెక్కపెట్టాడు. "మూడు! పాలసీలో ఏముంది? 'సభ్యురాలి ఇరు కిడ్నీలు'. ఇరు! ఈ మూడోదానికి ప్రీమియం ఎవరు కట్టారు?"

మర్నాడు ఆస్పత్రికీ, లొరెయిన్‌కూ ఒకే రకం ఉత్తరాలు వెళ్లాయి. "మీరు కోరిన కిడ్నీ ఆమోదించబడినది. మీరు కోరిన చోటు ఆమోదించబడలేదు. మీ ఆరోగ్యమే మా ఆనందం."

ఇలాంటి సందర్భాల్లో సర్జనుకు అన్యాయం జరగకుండా, సంస్థ తరఫు డాక్టరుతో ఒకసారి ఫోన్‌లో మాట్లాడుకునే హక్కు కల్పించారు. దీన్ని తోటి వైద్యుల సంభాషణ అంటారు. తోటి వైద్యుడంటే, వైద్యుడై ఉంటే చాలు. ఆ వారం వంతు డాక్టర్ నార్బర్ట్ క్విల్‌ది. ఆయన పాదాల వైద్యంలో పేరు తెచ్చుకుని, రిటైరై, ఫ్లోరిడాలో పడవ మీద ఉంటున్నాడు. అటు సర్జను డాక్టర్ ఐడా రెంజ్. మధ్యలో టెస్ మౌనంగా విని రాసుకోవాలి.

"డాక్టర్ క్విల్, నేను పాతికేళ్లుగా ఇదే చేస్తున్నాను. లోకమంతా అక్కడే పెడతాం. రక్తనాళాలు చేతికందుతాయి, మూత్రాశయం పక్కనే ఉంటుంది."

"కాదనడం లేదమ్మా. కానీ నేను కాళ్ల డాక్టర్ని. మా దగ్గర బొటనవేలు బొటనవేలి చోటే ఉండాలి. అదొక క్రమశిక్షణ."

"ఇది బొటనవేలు కాదు."

"అది ఫైల్లో రాశారు, చూశాను. పోనీ పాతవి తీసేసి ఆ చోట పెట్టకూడదా?"

"అది ఇంకా పెద్ద కోత. ఆమె తట్టుకోలేదు."

"దానికి వేరే దరఖాస్తు పెట్టండి. తట్టుకోలేకపోవడానికి ఇంకొకటి."

"సరే," అంది డాక్టర్ రెంజ్, చంటిపిల్లాడికి ముద్ద పెడుతున్నంత నెమ్మదిగా. "ఆ మాట కొట్టేస్తాను. ఒట్టి కిడ్నీ మార్పిడి అని పంపుతాను. సరేనా?"

"అయ్యో, ఆ పని మాత్రం చేయకండి. ఒకసారి మా కంట పడ్డ విశేషణాన్ని తీసేస్తే దాచిపెట్టడం కిందికి వస్తుంది. మీ మీద చర్య తీసుకోవాలి. మీరంటే నాకు గౌరవం... ఆగండాగండి, గాలానికి ఏదో తగిలింది."

సంభాషణ ముగిసింది. వైద్యులిద్దరూ అభిప్రాయాలు పంచుకున్నారని టెస్ రాసుకుంది.

సోమవారం లొరెయిన్ నుంచే ఫోన్ వచ్చింది. వెనక యంత్రం గురగురమంటోంది.

"హమ్మయ్య, మనిషి గొంతు! ఇందాకట్నుంచి ఫోన్లో మీ పాటే వింటున్నా. పక్క కుర్చీ పెద్దాయనకి కూడా వచ్చేసింది, ఈల వేస్తున్నాడు. నువ్వెవరు తల్లీ?"

"టెస్ అండీ. విశేషణాల విభాగం."

"నాక్కావలసింది నువ్వే. నా కిడ్నీకి చోటు లేదని ఉత్తరం వచ్చింది. నువ్వు నా పొట్ట చూళ్లేదు, బస్సు వెనక్కి తిప్పొచ్చు అందులో. చోటు లేదంటారేంటి?"

"చోటు లేదని కాదండీ. ఆ చోటు దానిది కాదని."

"ఆ మాటకొస్తే కిడ్నీ కూడా నాది కాదు, మా తమ్ముడిది!"

పక్కనుంచి జీన్ గొంతు వినిపించింది. "అడగక్కా! ఇచ్చేవాడికి లేని నొప్పి వాళ్లకెందుకో! నేను బీరు ముట్టి ఎన్నాళ్లయిందో కూడా చెప్పు. కిడ్నీ ఇవ్వడానికేముంది, అది ఒక్క పూట పని."

"నోర్ముయ్‌రా, ఆఫీసు పిల్లతో మాట్లాడుతున్నా." లొరెయిన్ గొంతు తగ్గించింది. "చూడు తల్లీ, గురువారం అవుతుందా, అవదా? అవదంటే అవదని చెప్పెయ్, వీడు వెళ్లి బండెక్కుతాడు. పైకి ఇట్లా వాగుతాడు గానీ, నా కాళ్ల వాపు చూసినప్పుడల్లా వాకిట్లోకెళ్లి నిలబడుతున్నాడు. చలికి చస్తాడు."

ఇలాంటి ప్రశ్నకు చెప్పవలసిన జవాబు టెస్ ఎదురుగా గోడకు అంటించి ఉంది. "మీ వినతి పరిశీలనలో ఉందండీ," అంది.

"అట్లా చెప్పమన్నారా?"

"అవునండీ."

"సరేలే. నీ ఉద్యోగం నువ్వు చెయ్యి తల్లీ," అని పెట్టేసింది లొరెయిన్. ఆ మాటలో కోపం ఉండి ఉంటే టెస్‌కు మధ్యాహ్నం భోజనం దిగేది.

ఆమె భోజనానికి వెళ్లలేదు. తన ఉద్యోగం అర్థాలు నిర్ణయించడం. నిఘంటువులో ఉన్న అర్థం దించి పంపడం ఉద్యోగం కాదు, అది ఎవరైనా చేస్తారు. ఆ మాటను వాడేవాళ్లు ఎలా వాడుతున్నారో చూడాలి కదా అనుకుంది. దేశంలోని సర్జన్లు రాసినవి దొరికినన్ని తెచ్చి చదివింది. అందరూ అక్కడే పెడుతున్నారు. ఎన్నో ఏళ్లుగా అక్కడే పెడుతున్నారు. సాయంత్రానికి కొత్త అర్థం రాసి, మంక్ బల్ల మీద పెట్టింది.

"హెటెరోటోపిక్ (కిడ్నీల విషయంలో): కిడ్నీ పెట్టే చోట పెట్టినది."

మంక్ రెండుసార్లు చదివాడు. "బాగుంది. తిరుగులేదు. కానీ మూడో కిడ్నీ సంగతి?"

"అది కూడా చూశానండీ. 'ఇరు కిడ్నీలు' అంటే పనిచేసేవనే కదా మన సంస్థ ఉద్దేశం? పనిచేయని కారుకు మీరు బీమా చేసేవారా?"

"ఛ, ఛ!"

"ఆమెవి రెండూ పనిచేయవు. అంటే ఇప్పుడు ఆమెకు ఉన్నవి సున్నా. జీన్‌ది ఒకటి పెడితే ఒకటి. పాలసీ ప్రకారం రెండు ఉండాలి." టెస్ గొంతు సవరించుకుంది. "మనమే ఆమెకు ఇంకొకటి బాకీ ఉన్నామండీ."

మంక్ లేచి తలుపు వేసి వచ్చాడు. "ఈ మాట ఇంకెవరికైనా చెప్పావా?"

"లేదండీ."

"చెప్పకు. ఆమెను ఒక్కదానితో సరిపెట్టుకోమందాం," అంటూ సంతకం పెట్టాడు. కలం కాగితానికి చిల్లు పెట్టింది.

గురువారం ఆపరేషన్ జరిగింది. డాక్టర్ రెంజ్ జీన్ కిడ్నీని లొరెయిన్ తుంటి దగ్గర పెట్టి, నాళాలు కుట్టి, రక్తం వదిలింది. సహజమైన తన చోట లేనని ఆ కిడ్నీకి తెలియదు కాబట్టి బల్ల మీదే పని మొదలుపెట్టింది. వారం తిరక్కుండా విభాగానికి ఫోన్ వచ్చింది.

"టెస్! వస్తోంది తల్లీ! కుళాయి తిప్పినట్టు వస్తోంది!"

తనకు మూత్రం వస్తోందని ఒక సభ్యురాలు ఫోన్ చేసి ఏడవడం విభాగ చరిత్రలో మొదటిసారి. ఆ ఏడుపును ఏ గడిలో నమోదు చేయాలో తెలియక, టెస్ కాసేపు తను కూడా ఏడిచి, ఫిర్యాదు కాదని రాసింది.

సంస్థ ఆమెను మరిచిపోలేదు. మంక్ స్వయంగా ఒక కేకు తెప్పించి, అందరి ముందూ అభినందించాడు. ఆమె రాసిన అర్థాన్ని కొత్త సంవత్సరం నుంచి కంప్యూటరులో శాశ్వత నియమంగా పెట్టారు. హెటెరోటోపిక్ అంటే కిడ్నీ పెట్టే చోట పెట్టినది. కాబట్టి ఏ దరఖాస్తులో ఆ మాట లేదో, ఆ కిడ్నీని ఎక్కడ పెట్టబోతున్నారో చెప్పనట్టే. అటువంటివాటిని కంప్యూటరు తనంతట తనే తిరస్కరిస్తుంది. దీనివల్ల మనుషుల సమయం ఎంతో ఆదా అయింది.

జనవరిలో తిరస్కరించిన మొదటి దరఖాస్తు మెడ్‌విల్ ఊళ్లో బేకరీ నడిపే హార్లన్ బిసెట్‌ది. భార్యే కిడ్నీ ఇస్తోంది. ఆయన సర్జను, అందరిలాగే, ఒట్టి "కిడ్నీ మార్పిడి" అని రాశాడు. ఆ మాట చేర్చి పంపుతానని సర్జను ఫోన్ చేశాడు. కానీ ముందు అడగని విశేషణాన్ని తర్వాత చేర్చడం అదనపు వైద్యం కోరడమే అవుతుంది. అది కొత్త దరఖాస్తు, వరసలో చివరి చోటు. ఆ నియమం కింద అర్థనిర్ణేతగా టెస్ పేరు అచ్చయి ఉంది. ఆమె గాజు గదిలోకి వెళ్లి, తన అర్థాన్ని తనే మార్చుకుంటానంది.

"ఎందుకు? బ్రహ్మాండంగా ఉంది," అన్నాడు మంక్. "నువ్వు రాసినవాటిల్లోకెల్లా అదే మంచిది. ముట్టుకోకు."

టెస్ ఇప్పుడు రోజూ పొద్దున్నే ఆ దరఖాస్తుల వరస చూస్తోంది. అది కదలడం లేదు. చదివేవారు వీలైతే హార్లన్ బిసెట్‌ను గుర్తుపెట్టుకోండి. ఆయనకు కిడ్నీ దొరికింది, విశేషణమే ఇంకా మంజూరు కాలేదు.