కోర్టులో ఉన్న బండ

“బండను ఉగాదికి ముందే జరిపినానని ఎన్నిసార్లు చెప్పాల?” అంది సుందరలక్ష్మి, ఇడ్లీలు దించుతూ.

“ఆర్డరొచ్చినాకనే జరిపినావు. నాకు బాగా గుర్తుండాది.”

“మీకు యాడ గుర్తుండాది? మన పెండ్లిరోజు కూడా నేనే గుర్తు చేయాల.”

బద్వేలులో స్టీలు సామాన్ల అంగడి నడిపే నాగసుబ్బయ్య ఆ పొద్దు అంగడి తాళాలే ముట్టుకోలేదు. ఉమ్మడి పెరటి మీద అన్న వీరభద్రయ్యతో కేసు నడుస్తోంది. తీర్పు వచ్చేదాకా పెరట్లో ఉన్నది ఉన్నట్టే ఉండాలని ఉగాది అయిన వారానికి కోర్టు ఉత్తర్వు ఇచ్చింది. దాన్ని తమ్ముడు ధిక్కరించాడని అన్న మళ్ళీ కోర్టుకెక్కాడు. చూసి రాసుకుపోవడానికి కోర్టు కమిషనర్ పదింటికి వస్తోంది. నోటీసులో జైలు అన్న మాట కనబడగానే నాగసుబ్బయ్య దాన్ని మడిచి దేవుడి పటాల వెనక పెట్టేశాడు. తోడికోడళ్ళిద్దరూ గుడ్డలుతికే బండను తన భార్యే ఎండలోంచి గోడ నీడకు జరిపింది. అన్న కేసు దాని మీదే అయ్యుంటుంది, ఇంక చదివేదేముంది?

“నీకు ఎండ తగలకుండా ఉండేదానికి నేను మూడు నెలలు లోపలుండాల,” అన్నాడు.

సుందరలక్ష్మికి కూడా అనుమానం పుట్టింది. ఏమో, ఆయన చెప్పేదే నిజమేమో. “అయితే పట్టండి, మళ్ళా ఆడనే పెడదాం.”

“నాయనా, నోటీసు మొత్తం చదివినావా?” అంది కూతురు ఉదయశ్రీ.

“నువ్వు ఆ గడ్డపార పట్టు.”

ముగ్గురూ కలిసి బండను ఎండలోకి దొర్లించారు. అది ఉన్నచోట తడికి నల్లబడిన నేల బయటపడింది. పూలకుండీల్లో మట్టి తెచ్చి కప్పితే ఎర్రగా తేలింది. పేడనీళ్ళతో అలికితే ఇంకా కొట్టొచ్చినట్టు కనబడింది. వేరే దారి లేక సుందరలక్ష్మి దాని మీద ముగ్గు వేసింది.

కమిషనర్ పద్మప్రియ ఫైలుతో వచ్చింది. వెనకే వీరభద్రయ్య, ఆయన భార్య సిద్దమ్మ.

“గోడవారన ముగ్గేందమ్మా?”

“మంగళవారం కదా మేడమ్,” అంది సుందరలక్ష్మి, పిండి చేతులు కొంగులో దాచుకుంటూ.

పద్మప్రియ ఫైల్లోంచి ఒక పాత ఫొటో బయటికి తీసింది. “ఆర్డరు రోజున బండ ఇక్కడ, గోడ పక్కనే ఉంది. ఎండలోకి ఎవరు జరిపారు?”

సుందరలక్ష్మి మొగుడి వైపు చూసింది. ఆయన ముగ్గు వైపు చూశాడు.

“మా అన్న పిటిషన్ వేసింది ఈ బండ గురించి కాదా?”

“దాంట్లో బండ మాటే లేదు.” ఆమె పెన్ను నాగసుబ్బయ్య స్కూటర్ వైపు తిరిగింది. దాని మీద కొత్త రేకుల పందిలి తళతళలాడుతోంది. సీటు కాలుతోందని, ఉత్తర్వు వచ్చిన నాలుగో రోజున ఆయనే వేయించాడు. “రేకులు ఒకటి, బండ రెండు,” అని ఆమె రాసుకుంది.

“జైలేనా మేడమ్?”

“రేకులు పీకేసి, క్షమాపణ చెప్పుకుంటూ అఫిడవిట్ వేయండి. ఆపైన జడ్జిగారి ఇష్టం.”

“బండను నీడకు పెట్టుకోవచ్చునా?” అంది సుందరలక్ష్మి.

“జడ్జిగారు చెప్పేదాకా ఎవరూ ముట్టుకోవద్దు.”

కమిషనర్ వెళ్ళిపోయింది. వీరభద్రయ్య మీసం చాటున నవ్వుతున్నాడు. సుందరలక్ష్మి కొంగుతో చేతులు తుడుచుకుని, గొంతు పెంచకుండా అందరికీ చెప్పింది. “ఆ ఎండలో నేను ఉతకను. జడ్జిగారు చెప్పేదాకా ఎవురి గుడ్డలు వాళ్ళే ఉతుక్కోండి.”

“నాదీ అదే మాట,” అంది సిద్దమ్మ. వీరభద్రయ్య నవ్వు ఆగిపోయింది.

కేసు వాయిదా కోర్టు వేసవి సెలవులయ్యాక పడింది.