బొమ్మ లేని సినిమాయే మంచిది

సినిమాలో మనుషులుండటం శుద్ధ దండగ. మనీలాలో ఇంతకాలం బతికాక నాకు బోధపడిన సత్యమిది.

రంగులుంటే చాలదా? ఎరుపు ఉరుకుతుంది, నీలం తరుముతుంది, పసుపు అడ్డంపడుతుంది. కథేమిటని ఎవరూ అడగరు. కింద అక్షరాలు పడవు గనుక నాలాగా కూడబలుక్కుని చదివేవాళ్లు వెనకబడరు. మధ్యలో లేచి వెళ్లి వేయించిన అరటిపండు తినివచ్చినా పోయేదేమీ లేదు. మొన్న నా పక్కాయన హాయిగా గురకపెట్టి, లేచి, "ఎంత లోతుందండీ ఇందులో" అన్నాడు. మామూలు సినిమాలో ఈ సౌకర్యం ఉందా?

ఈ కళను మా ఇంటికి తెచ్చింది, నన్ను లోలా అని, అంటే అమ్మమ్మా అని పిలిచే మనవరాలు దలిసాయ్. కొత్త ఫిల్ము కొనలేక తనూ తన స్నేహితులూ చెడిపోయిన పాత రీళ్లు తెచ్చి, బ్లీచులో నానబెట్టి, బొమ్మలు పోగొట్టి, పైన రంగులు పూస్తారు. చెడిందని ఎలా తెలుస్తుంది? డబ్బా మూత తీసి వాసన చూస్తారు. పాడైన ఫిల్ము వెనిగర్ కంపు కొడుతుందట. ఎంత శాస్త్రీయం!

మా ఆయన ఫ్లోరెన్సియో మా పెళ్లివిందులో నాట్యమాడిన రీలు ఒకటుంది. ఉండేది. ఆయన కదులుతూ కనిపించేది అందులోనే. దాన్ని వంటింటి అలమరలో, కొబ్బరి వెనిగర్ జాడీల పక్కన భద్రంగా దాచాను. చెల్లెలింటికి వెళ్లి వచ్చేసరికి అది కళ అయిపోయింది.

"అదెప్పుడో చచ్చింది లోలా. మూత తీస్తే ముక్కు పగిలిపోయింది" అంది దలిసాయ్.

"ఆ కంపు నా జాడీలదే తల్లీ. ఆ అలమరలో కూర్చోబెడితే నువ్వూ అలాగే కంపు కొడతావు."

పిల్ల ఏడ్చింది. నేను ఏడవలేదు. త్యాగం లేనిదే కళ ఎక్కడ పుడుతుంది? పైగా ఆయన ఎన్నడూ తాళానికి అడుగు వేసినవాడు కాదు. ఆ సంగతి ఇక ఎవరికీ తెలియదు. ఇదీ లాభమే.

ప్రదర్శనకు వెళ్లి ముందు వరుసలో కూర్చున్నాను. రంగులు ఉరికాయి, తరిమాయి. చివర్లో, రంగూ బ్లీచూ అంటని ఒక మూల, ఎడమకాలు ఒకటి పైకి లేచింది. తాళం తప్పే లేచింది. అంతలో ఎరుపు కమ్మేసింది.

ఆట ముగిశాక నిర్వాహకుడు మైకు అందుకున్నాడు. "చివర్లో ఒకచోట పాత బొమ్మ మిగిలిపోయింది. క్షమించండి. వచ్చే ఆటకి ఆ లోపం కూడా గీకేస్తాం."

నేను లేచి నిలబడ్డాను.

"బాబూ, గీకడం దేనికి? ఆ లోపం కత్తిరించి నాకిచ్చెయ్. లోపం లేని సినిమా అంతా నువ్వే ఉంచుకో."