దొంగలు లేని కౌంటీ

షెరీఫ్ లెమ్యూల్ ప్రాట్ ఉన్నంతకాలం డ్రై ఫోర్క్ కౌంటీలో దొంగ అడుగుపెట్టడు. ఈ సంగతి ఆయనే ప్రకటించారు. షెరీఫ్ ఎన్నికల ముందు శనివారం, పశువుల దొడ్డి పక్కన వేసిన వేదిక మీద. నేను పత్రిక కోసం రాసుకుంటున్నాను.

చప్పట్లు ఆగకముందే రూబెన్ కోట్స్ గుర్రం మీద వచ్చాడు. ఈ దొంగను పట్టిస్తే బహుమతి అంటూ వ్యోమింగ్‌లో అతని బొమ్మ అంటించని గోడ లేదు. వేదిక గుంజకూ ఒకటి ఉంది. దాని పక్కనే దిగాడు.

"షెరీఫ్ గారూ, లొంగిపోదామని వచ్చాను. ఇంకో చలికాలం కొండల్లో ఉండటం నా వల్ల కాదు."

షెరీఫ్ బొమ్మను చూశారు. మనిషిని చూశారు. వెళ్లి బొమ్మకు అడ్డంగా నిలబడ్డారు.

"ఎవరో బాటసారి. మా ఊరికి స్వాగతం బాబూ!"

"బాటసారినేంటండీ, రూబెన్ కోట్స్‌ని!"

"కొత్తమనిషి పేరూ, పాత సంగతులూ అడగడం మా పశువుల కాపర్లలో మర్యాద కాదు. అడక్కుండా చెప్పడం అసలే కాదు."

జనం తలలూపారు. మర్యాద మర్యాదే.

హల్డా కెస్లర్ ముందుకొచ్చింది. భర్త పోయాక మందను ఒంటరిగా చూసుకుంటున్న మనిషి.

"అది నా గుర్రం. తొడ మీద నా ముద్ర చూడండి. సోమవారం దూడలకు ముద్రలేస్తారు, ఎవరి ముద్ర పడితే దూడ వాళ్లదే. గుర్రం లేక నేను తోలుకురాకపోతే నా దూడల మీద ఎవరి ముద్ర పడుద్దో మీకు తెలీదా?"

తెలుసు. పక్క మంద షెరీఫ్ గారిదే.

"నిజమేనండీ, నేనే కొట్టేశాను," అన్నాడు రూబెన్.

"నువ్వు నోర్ముయ్. కౌంటీలో దొంగ లేడు. దొంగ లేనప్పుడు దొంగతనం ఎక్కడిది? హల్డమ్మా, ఎవరు ఎక్కితే గుర్రం వాళ్లది. శాంతిభద్రతల విషయంలో నేను రాజీపడను."

"ఇంతమంది ముందు అంటున్నారు," అంది హల్డా.

"రాసుకోవయ్యా," అన్నారు నాతో. రాసుకున్నాను.

హల్డా తన గుర్రం కాలు తడిమింది. కొండల్లో తిరిగి కుంటుతోంది. దాన్ని వదిలి వేదిక వెనక్కి నడిచి, షెరీఫ్ గారి గుర్రాన్ని విప్పి, ఎక్కి వెళ్లిపోయింది.

"అయ్యా, దొంగతనం!" అని అరిచాడు రూబెన్.

షెరీఫ్ వోటర్ల వైపు చూశారు.

"ఎక్కడ?" అన్నారు.

ఆదివారానికి ఆయన గుర్రాల దొడ్డి ఖాళీ అయింది. వోటర్లు ఒక్కొక్కరే వచ్చి ఎక్కి వెళ్లారు. ఆయన గేటు దగ్గర నిలబడి అందరికీ చేతులూపారు. సోమవారం గుర్రాలు లేక ఆయన తరఫున దూడలను తోలుకొచ్చేవాళ్లు లేరు. వాటికి ఎవరెవరి ముద్రలు పడ్డాయో చూశాను.

మంగళవారం ఆయన ఘనంగా గెలిచారు. ప్రమాణ స్వీకారానికి నడిచి వచ్చారు. జైలు మెట్ల మీద కూర్చున్న రూబెన్ లేచి దారి ఇచ్చాడు. షెరీఫ్ గారి నిరాడంబరత గురించి మొదటి పేజీలో రాశాం.